మైళ్లు తర్వాత, ముందు నీళ్లు లెక్కపెట్టండి

ప్రశ్న: నమస్కారం. మేం దక్షిణ కాలిఫోర్నియాలో ఉంటాం. నేను, మావారు, కాలేజీలో చదువుతున్న మా ఆడపడుచు కలిసి జాషువా ట్రీ నేషనల్ పార్కులో సామాను వీపున మోసుకుంటూ మూడు రోజులు నడవాలనుకుంటున్నాం. మే నెలాఖరున మెమోరియల్ డే సెలవు కలిసొచ్చింది. కాలిఫోర్నియా రైడింగ్ అండ్ హైకింగ్ ట్రెయిల్ 35 మైళ్లు ఉంటుందట, రోజుకు 12 మైళ్ల చొప్పున అయిపోతుందని లెక్క వేసుకున్నాం. యోసెమిటీలో పగటి నడకలు బాగానే చేశాం గానీ, రాత్రి బయట పడుకోవడం ఇదే మొదటిసారి. మ్యాపులో అక్కడక్కడా ఊటలు కనిపిస్తున్నాయి, మంచి ఫిల్టరు కూడా కొన్నాం. ఎండలు చూసినవాళ్లమే కాబట్టి ఆ భయం లేదు. మాతోనే ఉండే మా అత్తగారు మాత్రం పాములుంటాయి, వెళ్లొద్దంటున్నారు. బరువు ఎంత ఉండాలి, ఎలాంటి బూట్లు, ఏం తినాలి, ఇంకేం జాగ్రత్తలు తీసుకోవాలో చెప్పండి.
– ఒక పాఠకురాలు

జవాబు: ముగ్గురూ కలిసి వెళ్లాలనుకోవడం నాకు చాలా నచ్చింది. తప్పకుండా వెళ్లండి. కానీ మే నెలలో వద్దు, మొదటిసారే మొత్తం 35 మైళ్లూ వద్దు, ఫిల్టరు మీద ఆశ అసలే వద్దు. మూడింటికీ కారణం ఒక్కటే, నీళ్లు.

మీరు ముందు దారి ఎంచుకున్నారు, తర్వాత సెలవు చూసుకున్నారు, నీళ్లు దారిలో దొరుకుతాయనుకున్నారు. యోసెమిటీ ఉన్న సియెర్రా కొండల్లో ఈ వరస చాలావరకు నడుస్తుంది. అక్కడ కాసేపు నడిస్తే ఏదో ఒక సెలయేరు అడ్డొస్తుంది, ఫిల్టరు ముంచితే సీసా నిండుతుంది. జాషువా ట్రీలో ఈ వరస తిరగేయాలి. మనిషికి ఎన్ని లీటర్లు కావాలో ముందు తేల్చుకోవాలి, అవి ఎక్కడి నుంచి వస్తాయో చూసుకోవాలి, వాటితో ఎంత దూరం వెళ్లగలమన్నది ఆ తర్వాతి మాట.

ఈ పార్కు లోపలి భాగంలో తాగునీరు లేదు. కుళాయిలున్నది అంచుల్లోనే: బ్లాక్ రాక్ క్యాంప్‌గ్రౌండ్, పశ్చిమ ద్వారం, ఇండియన్ కోవ్ రేంజర్ స్టేషన్, దక్షిణాన కాటన్‌వుడ్ లాంటి చోట్ల. లోపల కారు వెళ్లే క్యాంప్‌గ్రౌండ్లున్నాయి గానీ వాటిలోనూ నీళ్లు లేవు. మీరు మ్యాపులో చూసిన ఊటలు చాలావరకు పేరుకే ఊటలు. వానలు పడిన ఏడు కొన్నాళ్లు తడిగా ఉంటాయి, తర్వాత బురద, ఆ తర్వాత ఇసుక. ఎక్కడైనా చెంబెడు నీళ్లు నిలిచినా అవి అక్కడి జంతువులవి. పార్కు నియమం కూడా అదే చెబుతుంది. బిగ్‌హార్న్ గొర్రెలు మనుషుల అలికిడి ఉంటే నీళ్ల దగ్గరికి రావు. పార్కులో కొన్ని ప్రాంతాలను పగటిపూటకే పరిమితం చేసి, రాత్రి మకాం ఒప్పుకోకపోవడానికి అదొక కారణం. కాబట్టి ఫిల్టరు ఇంట్లోనే ఉంచండి, వచ్చే ఏడు సియెర్రాకి పనికొస్తుంది.

ఇప్పుడు లెక్క చూద్దాం. మనిషికి రోజుకు కనీసం ఒక గ్యాలన్ అని పార్కువాళ్లు చెబుతారు. అంటే దాదాపు నాలుగు లీటర్లు. ఎండలో బరువుతో నడిచేవాళ్లకు అంతకు రెట్టింపు దాకా పడుతుంది. చల్లని కాలంలోనే వెళ్లారనుకుందాం. రెండు రాత్రులు, మూడు పగళ్లకి వంటతో సహా ఒక్కొక్కరికి 13 లీటర్లు తక్కువ కాకుండా పెట్టుకోవాలి. లీటరు నీళ్లు కిలో బరువు. 13 కిలోల నీళ్లకి డేరా వాటా, స్లీపింగ్ బ్యాగు, బట్టలు, స్టవ్వు కలిపి ఇంకో తొమ్మిది కిలోలు, తిండి రెండు కిలోలు. మొత్తం 24 కిలోలు. ఇంతవరకు మకాం సామాను మోయని మనిషి 24 కిలోలతో ఇసుకలో నడిస్తే మొదటి రోజు మధ్యాహ్నానికే మోకాళ్లు, భుజాలు పట్టేస్తాయి. ఒంటి బరువులో నాలుగో వంతు దాటకుండా చూసుకోమని నడకలో అనుభవమున్నవాళ్లు అంటారు. మీ ఆడపడుచు 52 కిలోలుంటే ఆ అమ్మాయి వీపున 13 కిలోలకు మించి పెట్టకూడదు. అంటే నీళ్లన్నీ మొదటి నుంచీ మోసుకెళ్లడం మీకు కుదరదు. కొంత ముందే వెళ్లి దారిలో పెట్టి రావాలి.

మీరు ఎంచుకున్న దారికి ఉన్న గొప్ప సౌకర్యం ఇదే. అది బ్లాక్ రాక్ నుంచి తూర్పుగా ఉత్తర ద్వారం దాకా సాగుతూ మధ్యలో చాలాచోట్ల రోడ్లను తాకుతుంది: కవింగ్టన్ ఫ్లాట్స్ మట్టిరోడ్డు, కీస్ వ్యూ రోడ్డు, జియాలజీ టూర్ రోడ్డు, పింటో బేసిన్ రోడ్డు. ఈ కూడళ్లలో కారాపి నీళ్ల డబ్బాలు దాచుకోవచ్చు. అందుకే దారి మార్చమని అనడం లేదు, సగం నడవమంటున్నాను. బ్లాక్ రాక్ నుంచి కీస్ వ్యూ రోడ్డు వరకు సుమారు 18, 19 మైళ్లు. ఇద్దరు ముగ్గురు కొత్తవాళ్లు మూడు రోజుల్లో, పొద్దున్నే లేచి మధ్యాహ్నం కాస్త ఆగి హాయిగా చేయగలిగిన నడక అది. జాషువా చెట్లు, జూనిపర్లు, పిన్యన్ పైన్లు, అక్కడక్కడా దూరంగా మంచు పట్టిన కొండలు – పార్కులో నాకు అన్నిటికంటే ఇష్టమైన భాగం ఈ పడమటి సగమే. రెండో సగం వచ్చే చలికాలానికి దాచుకోండి.

రోజుకు 12 మైళ్లు ఎందుకు వద్దంటున్నానో కూడా చెప్పాలి. యోసెమిటీలో గంటకు రెండున్నర మైళ్లు నడిచినవాళ్లు కూడా ఇక్కడ ఇసుక వాగుల్లో గంటకు మైలున్నర కంటే ముందుకు సాగలేరు. ఈ వాగుల్ని అక్కడివాళ్లు వాష్ అంటారు. వాన పడినప్పుడు మాత్రమే పారతాయి, మిగతా ఏడాదంతా మెత్తని ఇసుకే. అడుగు వేసినప్పుడల్లా కాలు వెనక్కి జారుతుంది. పైగా నవంబరులో సాయంత్రం ఐదు కాకముందే పొద్దు వాలుతుంది. 12 మైళ్ల పథకం పెట్టుకుంటే ఆఖరి రెండు మైళ్లూ చీకట్లో తడుముకోవాలి. ఈ ఎడారిలో దారి తప్పేది ఎక్కువగా అలాంటప్పుడే. ఒక జాషువా చెట్టుకీ ఇంకో చెట్టుకీ తేడా తెలియదు, ఒక వాష్‌కీ పక్క వాష్‌కీ అసలే తెలియదు.

కాలం విషయానికొస్తే, అక్టోబరు నుంచి ఏప్రిల్ వరకు మంచిది. వేసవిలో పగటి వేడి 38 డిగ్రీలు దాటుతుంది. మే ఆఖరు నాటికి 35 దాకా పోవడం వింతేమీ కాదు. దారి పొడుగునా నీడ లేదు. జాషువా చెట్టు నీడలో ఒక మనిషి తల మాత్రమే పడుతుంది. ఎండలు చూసినవాళ్లం అని మీరు రాశారు. నిజమే కావచ్చు, కానీ ఉక్కపోతలో అలవాటైన ఒళ్లు ఇక్కడ మనల్ని మోసం చేస్తుంది. తేమ ఉన్నచోట చెమట చొక్కాకి అంటుకుంటుంది, ఎంత నీరు పోతోందో మనకు తెలుస్తుంది. పొడిగాలిలో చెమట పుట్టిన క్షణంలోనే ఆరిపోతుంది. చొక్కా పొడిగా ఉంటుంది, ఒంట్లో నీళ్లు మాత్రం తగ్గిపోతూ ఉంటాయి. దాహం తెలిసేసరికి ఆలస్యమవుతుంది. పైగా చూసిన ఎండలన్నీ ఇంట్లో, ఆఫీసులో, కారులో ఉంటూ చూసినవే ఉంటాయి. నెత్తిన ఎండ, వీపున బరువు, పక్కన నీడ లేకపోవడం – ఈ మూడూ ఒక్కసారిగా చూసినవాళ్లు తక్కువ.

అందుకే నవంబరు మొదటి పదిహేను రోజుల్లో పెట్టుకోండి. పగలు నడవడానికి హాయిగా ఉంటుంది. రాత్రి మాత్రం చలి గట్టిగానే ఉంటుంది. మీరు పడుకునే ఎత్తు నాలుగు వేల అడుగుల పైమాటే, తెల్లవారుజామున నీళ్ల సీసా మీద పలచని మంచు పొర కట్టవచ్చు. ఎడారి అనగానే అందరూ ఎండకే సిద్ధమవుతారు, వణికేది రాత్రి. సున్నాకి కిందికి పనికొచ్చే స్లీపింగ్ బ్యాగు, నేల చలి ఆపే పరుపు, ఒక మంచి జాకెట్టు, ఉన్ని టోపీ తప్పనిసరి.

ఇప్పుడు ప్రయాణం మొత్తం వరసగా చెబుతాను. మీకు రెండు కార్లు కావాలి. నడక మొదలుపెట్టే ముందు రోజే బయల్దేరండి. ముందుగా కవింగ్టన్ ఫ్లాట్స్ మట్టిరోడ్డు మీద పైకి వెళ్లి, మీ దారి ఆ రోడ్డు దగ్గరికి వచ్చే చోట గ్యాలన్ నీళ్ల డబ్బాలు ఏడు పెట్టండి. వాన పడ్డాక ఆ రోడ్డు చిన్న కార్లకు కష్టం కావచ్చు, ముందే పార్కు రేంజర్లను అడిగి వెళ్లండి. డబ్బాలన్నీ ఒకే చోట పెట్టొద్దు. నాలుగు ఒక బండ వెనక, మూడు ఇంకో పొద చాటున. ఎవరైనా తీసుకెళ్లినా, ఏ జంతువైనా కొరికినా రెండోది ఉంటుంది. పాల డబ్బాల్లాంటి పలచటివి కాకుండా గట్టి ప్లాస్టిక్ డబ్బాలు కొనండి. ప్రతిదాని మీదా చెరగని ఇంకుతో పేరు, పర్మిట్ వివరం, ఎప్పుడు తీసుకుంటారో ఆ తేదీ రాయండి. లేకపోతే ఎవరో వదిలేసిన చెత్త అనుకుని తీసేస్తారు. నేల తవ్వి పాతిపెట్టకూడదు. ఖాళీ డబ్బాల్ని అక్కడ వదలకూడదు, నొక్కి చదును చేసి సంచికి కట్టుకుని తెచ్చుకోవాలి. ఫోటో తీసుకోండి, ఫోనులో ఆ చోటును గుర్తు పెట్టుకోండి. సాయంత్రం అలసిపోయి వచ్చినప్పుడు ప్రతి బండా ఒకేలా కనిపిస్తుంది.

తర్వాత కీస్ వ్యూ రోడ్డు మీద మీ దారి వచ్చి కలిసే చోట ఉన్న బ్యాక్‌కంట్రీ బోర్డు (రోడ్లు లేని లోపలి ప్రాంతంలోకి నడిచి వెళ్లేవాళ్ల కోసం పెట్టిన బోర్డు) దగ్గర ఒక కారు వదలండి. రాత్రిపూట కారు వదిలేయడం ఈ బోర్డుల దగ్గరే ఒప్పుకుంటారు, రోడ్డు పక్కన ఎక్కడపడితే అక్కడ కాదు. ఆ కారులో ఇంకో మూడు గ్యాలన్లు, ఏదైనా తిండి పెట్టండి. రెండో కారులో బ్లాక్ రాక్ క్యాంప్‌గ్రౌండ్‌కి వచ్చి ఆ రాత్రి అక్కడే పడుకోండి. కుళాయి ఉంది కాబట్టి రాత్రి, పొద్దున్న కడుపు నిండా తాగి, మనిషికి ఐదు లీటర్లు నింపుకుని, మీ ఆడపడుచు వాటా డేరా, స్టవ్వు మీరిద్దరూ పంచుకుని వెలుతురు రాగానే నడవండి.

మొదటి రోజు కవింగ్టన్ దాకా సుమారు ఎనిమిది మైళ్లు, ఎక్కువ భాగం ఎక్కుడే. అక్కడ డబ్బాల దగ్గర కూర్చుని ఒక్కొక్కరు ముందు అర లీటరు, ఇంకాసేపటికి మరో అర లీటరు తాగండి. మిగిలినవి పంచుకోండి. మనిషికి దాదాపు ఎనిమిది లీటర్లు వస్తాయి, మీవారు రెండు లీటర్లు ఎక్కువ తీసుకుని మీ ఆడపడుచుకి రెండు తగ్గిస్తే న్యాయంగా ఉంటుంది. ఇక్కడి నుంచి బరువు ఎక్కువ, అందుకే ఆ రోజు ఇంకో మైలు, మైలున్నర మాత్రం నడిచి ఆగండి. ఆ మైలు తప్పదు. రోడ్డు నుంచి కనీసం ఒక మైలు, దారి నుంచి 500 అడుగులు దూరంగా డేరా వేయాలని పార్కు నియమం. రెండో రోజు జూనిపర్ ఫ్లాట్స్ వైపు ఆరేడు మైళ్లు. ఈ దారి మొత్తం మీద ఎత్తయిన చోట్లు ఆ రోజే వస్తాయి. మూడో రోజు పొద్దున్న రెండు మూడు మైళ్లే. ఆఖరి రోజును కావాలనే చిన్నది చేశాను. ముందు రెండు రోజుల్లో ఎవరికైనా కాలు బొబ్బలెక్కినా, దారి వెతుక్కోవడంలో గంటలు పోయినా ఇక్కడ సర్దుకోవచ్చు.

పర్మిట్ రిక్రియేషన్ డాట్ గవ్‌లో ముందుగానే తీసుకోండి. మీరు పడుకునే ప్రాంతాలు పర్మిట్‌లో సరిగ్గా ఉండాలి. రుసుం కొద్ది డాలర్లే. పార్కు ప్రవేశానికి కారుకు 30 డాలర్లు, ఏడు రోజులు చెల్లుతుంది, రెండు కార్లకీ విడివిడిగా కట్టాలి. నియమాలు, రుసుములు మారుతుంటాయి కాబట్టి బయల్దేరే వారం పార్కు వెబ్‌సైట్ ఒకసారి చూడండి. నిప్పు విషయంలో మాత్రం మార్పేమీ ఉండదు: బ్యాక్‌కంట్రీలో చలిమంట పూర్తిగా నిషేధం. వంట గ్యాస్ స్టవ్వు మీదే.

ఇది మొదటి రాత్రి అని రాశారు కాబట్టి, వీలైతే దీనికంటే ముందు ఒక్క రాత్రి బాయ్ స్కౌట్ ట్రెయిల్ మీద గడిపి రండి. పార్క్ బౌలెవార్డ్ నుంచి ఇండియన్ కోవ్ వరకు దాదాపు ఎనిమిది మైళ్లు, మొత్తం మీద దిగుడే, చివర నీళ్లున్నాయి. దారికి పడమటి వైపే డేరా వేయాలి, తూర్పు వైపు వండర్‌లాండ్ ఆఫ్ రాక్స్ పగటి ప్రాంతం. డేరా ఇసుకలో నిలబడుతుందా, స్లీపింగ్ బ్యాగు చలికి ఆగుతుందా, బూటు ఎక్కడ కొరుకుతుంది అన్నవి ఆ ఒక్క రాత్రిలో తేలిపోతాయి. దానికీ కుదరకపోతే మీ ఇంటి దగ్గర కొండ ఏదైనా నీళ్ల సీసాలతో నింపిన సంచి వేసుకుని రెండు మూడు వారాంతాలు ఎక్కి దిగండి. దిగేటప్పుడు నీళ్లు పారబోసేస్తే మోకాళ్లకు భారం తగ్గుతుంది.

వడదెబ్బ సంగతి ముగ్గురికీ తెలిసి ఉండాలి, ఎందుకంటే తగిలిన మనిషికి తనంతట తాను తెలియదు. తలనొప్పి, వాంతి వచ్చేలా ఉండటం, కాళ్లు పట్టేయడం, కళ్లు తిరగడం మొదలైతే అక్కడే ఆగండి. నీడ లేకపోతే డేరా గుడ్డ కర్రలకు కట్టి నీడ చేయండి. కూర్చోబెట్టి కొద్దికొద్దిగా ఉప్పు కలిసిన నీళ్లు ఇవ్వండి, మెడ మీదా చేతుల మీదా తడిగుడ్డ వేసి విసరండి. మాట తడబడినా, అడిగినదానికి పొంతన లేని జవాబు వచ్చినా, నడక తూలినా అది ప్రాణం మీదికి వచ్చినట్టే. అప్పుడు తాగే నీళ్ల కోసం పీనాసితనం పనికిరాదు. ఒళ్లంతా తడిపి చల్లబరుస్తూనే సాయం కోసం సందేశం పంపాలి. సగం నీళ్లు అయిపోయి సగం దారి కూడా రాకపోతే వెనక్కి తిరగాలి, ఇందులో చర్చ లేదు. ఎవరి ఓపిక ఎంతున్నా ముగ్గురూ కలిసే నడవండి. ‘మీరు మెల్లగా రండి, నేను ముందు వెళ్లి చూస్తాను’ అనే మాట ఎడారిలో ఎవరూ అనకూడదు.

ఉత్త నీళ్లే లీటర్లు లీటర్లు తాగడం కూడా మంచిది కాదు. చెమటతో ఉప్పు పోతుంది, దాన్ని తిరిగి నింపకుండా నీళ్లే పోస్తే రక్తంలో ఉప్పు పలచబడుతుంది. దాని లక్షణాలు కూడా తలనొప్పి, వాంతులే, అందుకే చాలామంది ఇంకా నీళ్లు తాగి ప్రమాదం పెంచుకుంటారు. ఉప్పు ఉన్న చిరుతిండి గంట గంటకీ కొంచెం తినండి, ఎలక్ట్రోలైట్ పొడి రోజుకు రెండు ప్యాకెట్లు కలుపుకోండి. ఇక తిండి ఏదైనా మీ ఇష్టం. నీళ్లలో చాలాసేపు ఉడికేవి, కడగాల్సిన గిన్నెలు తెచ్చేవి మానండి. మరిగించిన నీళ్లు పోసి మూత పెడితే అయిపోయేవి చాలు. ఒక పూట తిండి మాత్రం వండకుండా తినేలా ఉండాలి, గాలి పెద్దదైతే స్టవ్వు వెలగదు.

గాలి ఇక్కడ మామూలుగా వీయదు. డేరా మేకులు ఇసుకలో నిలవవు. చిన్న గుడ్డ సంచుల్లో ఇసుక నింపి, వాటికి తాళ్లు కట్టి పాతిపెడితే గట్టిగా ఉంటాయి. జాషువా చెట్టుకి మాత్రం తాడు కట్టొద్దు, ఊయల కూడా వేయొద్దు, నిషేధం. నిషేధం లేకపోయినా కట్టకూడదు. ఆ చెట్టు ఏడాదికి ఒకటి రెండు అంగుళాలు పెరుగుతుంది. దాని పువ్వుల్ని పరాగ సంపర్కం చేసేది యుక్కా మాత్ అనే చిన్న చిమ్మట ఒక్కటే, అది లేకపోతే గింజ లేదు. మినర్వా హోయ్ట్ అనే ఆవిడ ఈ ఎడారి మొక్కల్ని జనం తవ్వుకుని తోటల కోసం ఎత్తుకెళ్తుంటే చూడలేక ఏళ్ల తరబడి పోరాడింది. 1936లో ఈ చోటు నేషనల్ మాన్యుమెంట్ అయ్యింది, 1994లో నేషనల్ పార్కు. ఆవిడ పట్టుదల లేకపోతే ఈ రోజు మీరు ఇక్కడ నడవాలని అనుకోవడానికి మిగిలింది తక్కువే ఉండేది.

ఎండిన వాష్‌లో ఇసుక మెత్తగా, చదునుగా ఉంటుంది, డేరా వేయడానికి చేతులు లాగుతాయి. వేయకండి. మీ నెత్తిన చుక్కలు మెరుస్తున్నా, ఎక్కడో కొండ మీద వాన పడితే నీళ్లు వాష్‌లోనే దిగుతాయి. గట్టున, రాతినేల మీద, ఇంతకు ముందు ఎవరో పడుకున్న గుర్తులున్న చోట వేయండి.

బూట్లు మూసి ఉన్నవే కావాలి, చెప్పులు, శాండిల్స్ వద్దు. చోయా అనే జెముడు ముక్కలు నేల మీద రాలి ఉంటాయి, తగిలితే చాలు అంటుకుపోతాయి. చేత్తో పీకబోతే చేతికి అంటుకుంటాయి. దువ్వెన ఒకటి జేబులో పెట్టుకోండి, ముక్క కిందికి దువ్వెన దూర్చి ఒక్కసారిగా విసిరేయాలి. మిగిలిన ముళ్లకు పట్టకారు. కొత్త బూట్లు కొంటే నెల రోజుల ముందే తొడిగి అలవాటు చేసుకోండి. బట్టలు వదులుగా, పొడుగు చేతులతో, లేత రంగులో. మెడ కప్పే టోపీ.

మరుగు సంగతి అడగలేదు కానీ చెప్పాలి. ఆరు నుంచి ఎనిమిది అంగుళాల గుంట తవ్వి పూడ్చాలి, కాగితం మాత్రం పూడ్చకూడదు, జిప్ సంచిలో వెనక్కి తేవాలి. ఎడారిలో అది ఏళ్లు గడిచినా కుళ్లదు. నెలసరి వస్తువులూ అంతే. మందపాటి, లోపలికి కనిపించని సంచి ఒకటి ప్రత్యేకంగా పెట్టుకుంటే మీకూ, మీ ఆడపడుచుకీ ఇబ్బంది ఉండదు.

ఫోను సిగ్నల్ మీద లెక్క పెట్టుకోకండి. పార్కులో చాలా భాగంలో ఉండదు. మ్యాపు ముందే దించుకుని ఫోనును విమానం మోడ్‌లో పెట్టండి, చలికి బ్యాటరీ త్వరగా పడిపోతుంది కాబట్టి రాత్రి స్లీపింగ్ బ్యాగులోనే ఉంచుకోండి. కాగితం మ్యాపు, దిక్సూచి కూడా ఉండాలి. కొన్ని కొత్త ఫోన్లలో ఉపగ్రహం ద్వారా సాయం కోరే వీలుంది, మీ ఫోనులో ఉందో లేదో చూసి ఇంట్లోనే సాధన చేయండి. లేకపోతే ఉపగ్రహ సందేశ పరికరం అద్దెకు తెచ్చుకోండి. పాత గనుల గోతులు కనిపిస్తే తొంగి చూడొద్దు, అంచు విరుగుతుంది. తేనెటీగలు నీటి తేమకు మూగుతాయి, ఒక్కోసారి కారు ఏసీ నుంచి కారే చుక్కలకు కూడా. సీసా మూతలు తెరిచి ఉంచకండి. తాబేలు కనిపిస్తే ఎత్తి పట్టుకోవద్దు. భయపడి ఒంట్లో దాచుకున్న నీరంతా విడిచేస్తుంది, తర్వాత ఆ నీరు లేక చచ్చిపోవచ్చు. కారు తీసేముందు కింద ఒకసారి వంగి చూడండి, నీడ కోసం అక్కడ చేరుతుంది.

ఇక మీ అత్తగారి మాట. ఆవిడ భయం ఉత్తది కాదు, అక్కడ రాటిల్ స్నేక్స్ ఉన్నాయి. కానీ నవంబరులో రాత్రి చలికి అవి చాలావరకు రాళ్ల సందుల్లోకి చేరిపోతాయి. చూడకుండా చెయ్యి పెట్టడం, కాలు వేయడం మానితే చాలు. బండ ఎక్కేటప్పుడు పైన ఏముందో కనపడని చోట వేళ్లు ఆనించకండి, రాత్రి బయటికి వెళ్తే టార్చి వేసుకోండి, బూట్లు డేరా లోపల పెట్టుకోండి. పాము కనిపిస్తే పక్కకు తప్పుకుని దాన్ని వెళ్లనివ్వండి. ఒకవేళ కరిస్తే గాటు పెట్టడం, నోటితో పీల్చడం, తాడు బిగించడం ఏదీ చేయకుండా, కదలికలు తగ్గించి సాయం పిలవాలి.

ఆవిడకు ధైర్యం చెప్పడం కంటే ఒక పని అప్పగించండి. తెలుగులోనే ఒక కాగితం రాసి ఇవ్వండి: ఏ రోజు ఎక్కడ పడుకుంటారు, ఏ బోర్డు దగ్గర ఏ కారు ఉంది, వాటి నంబర్లు, మీ బట్టల, డేరా రంగులు, మూడో రోజు ఎన్ని గంటలకల్లా ఫోను చేస్తారు. మధ్యాహ్నానికి బయటికి వచ్చేస్తారు కాబట్టి రాత్రి ఏడు అని పెట్టుకోండి. ఏడు దాటాక మీ ఇద్దరి ఫోన్లకీ చేసి చూసి, దొరక్కపోతే ఎనిమిదికి పార్కు అత్యవసర నంబరుకు ఫోను చేయాలని, ఆ నంబరు, 911 రెండూ పెద్ద అక్షరాల్లో రాయండి. ఇంగ్లిషులో ఏం చెప్పాలో ఆ రెండు వాక్యాలూ తెలుగు అక్షరాల్లో కింద రాసి, బయల్దేరే ముందు ఆవిడతో ఒకసారి చదివించండి. సిగ్నల్ అందగానే మీరు చేసే మొదటి ఫోను ఆవిడకే కావాలి.